రూపాయి వడ్డీ కూడా లేదు కదా! ఇంటి అప్పు మీద పాఠకుల ప్రశ్నలు, మా జవాబులు

పోయిన నెల ఇంటి లోన్ల మీద సందేహాలుంటే రాయమన్నాం, ఊహించిన దానికంటే ఎక్కువే వచ్చాయి. అన్నిటికీ ఇక్కడ చోటు లేదు కాబట్టి ఐదుగురివి తీసుకున్నాను. నేను చాలా ఏళ్లు బ్యాంకులో లోన్ల సీట్లో కూర్చున్నవాణ్ని. అన్నాళ్లలో నా ముందు కుర్చీలో కూర్చున్నవాళ్లలో "ఈఎంఐ ఎంత పడుతుంది?" అని అడగనివాళ్లు లేరు, "ఐదేళ్ల తర్వాత నా బాకీ ఎంత ఉంటుంది?" అని అడిగినవాళ్లను వేళ్ల మీద లెక్కపెట్టొచ్చు. లెక్కలన్నీ కాలిక్యులేటర్ పక్కన పెట్టుకుని వేసినవే, మీరూ వేసి చూసుకోండి, రూపాయో రెండో తేడా వస్తే నన్ను తిట్టుకోకండి.

ప్రశ్న: మాది హనుమకొండ. మావారికి 38 ఏళ్లు, ఇద్దరం ఉద్యోగస్తులమే. హైదరాబాద్ శివార్లో కడుతున్న అపార్ట్‌మెంట్‌లో 62 లక్షల 50 వేలకు ఫ్లాట్ మాట్లాడుకున్నాం. 50 లక్షల లోన్ 8 శాతానికి ఇస్తామన్నారు. 20 ఏళ్లకు పెట్టుకుందామనుకుంటే బిల్డర్ ఆఫీసులో అబ్బాయి "30 ఏళ్లకు పెట్టుకోండి మేడమ్, నెలకు 5 వేలు మిగులుతాయి" అంటున్నాడు. మా నాన్నగారేమో "రూపాయి వడ్డీ కూడా లేదు, ఎన్నేళ్లు పెట్టుకుంటే ఏం పోయింది" అంటున్నారు. ఏది మంచిది?

జవాబు: అమ్మా, ముందు మీ నాన్నగారి మాట దగ్గర మొదలుపెడతాను, ఎందుకంటే ఆయన లెక్క తప్పు కాదు, సగమే. మన ఊళ్లలో వడ్డీని నూటికి నెలకు ఇన్ని రూపాయలని చెప్పుకుంటాం. రూపాయి వడ్డీ అంటే ఏడాదికి 12 శాతం, రెండు రూపాయలంటే 24. ఆ లెక్కన మీకు ఇస్తున్నది నూటికి 67 పైసల వడ్డీ. రెండు రూపాయలకు, మూడు రూపాయలకు నోటు రాసి తెచ్చుకున్న తరానికి ఇది ఉచితంగా ఇచ్చినట్టే కనిపిస్తుంది. కానీ అలా నోటు మీద తెచ్చుకున్న అప్పు రెండేళ్లలోనో మూడేళ్లలోనో పంట అమ్మో, చిట్టీ పాడో తీర్చేసేవాళ్లు. 67 పైసలను 240 నెలలు మోస్తే ఏమవుతుందో ఆ తరానికి చూడాల్సిన అవసరం రాలేదు.

50 లక్షలు, 8 శాతం, 20 ఏళ్లు అంటే ఈఎంఐ 41,822 రూపాయలు. మొదటి నెల అందులో వడ్డీకే 33,333 పోతుంది, అసలులో తగ్గేది 8,489. ఇందులో మోసమేమీ లేదు, ఆ నెలకు బాకీ 50 లక్షలుంది కాబట్టి 67 పైసల చొప్పున అంత వడ్డీ అయింది, అంతే. అయితే దీని ఫలితం ఏమిటో చూడండి: ఐదేళ్లలో మీరు 25 లక్షల పైన కడతారు, బాకీ మాత్రం 43 లక్షల 76 వేలుంటుంది. పదేళ్లు, అంటే సగం గడువు అయిపోయినా ఇంకా 34 లక్షల 47 వేలు. 50 లక్షల్లో సగం తీరడానికి పదమూడున్నరేళ్లు దాటుతుంది. 20 ఏళ్లలో మొత్తం వడ్డీ 50 లక్షల 37 వేలు, తెచ్చిన దానికి సమానం.

ఇప్పుడు ఆ అబ్బాయి చెప్పిన 30 ఏళ్లు. ఈఎంఐ 36,688. అతనన్నట్టే నెలకు 5,134 మిగులుతుంది, అబద్ధం చెప్పలేదు. కాకపోతే మొత్తం వడ్డీ 82 లక్షల 8 వేలకు చేరుతుంది. అంటే మొదటి 20 ఏళ్లు నెలకు 5 వేల చొప్పున మిగుల్చుకుని, ఆ తర్వాత ఇంకో పదేళ్లు నెలకు 36 వేల 688 కడతారన్నమాట. తేడా 31 లక్షల 70 వేలు. మీవారికి 38 ఏళ్లన్నారు కదా, ఆయనకు 58 వచ్చే రోజున ఆ 30 ఏళ్ల లోన్‌లో బాకీ ఎంతుంటుందో కూడా చెప్తాను: 30 లక్షల 24 వేలు. పీఎఫ్ డబ్బు చేతికొచ్చే వయసులో బ్యాంకు ముందుగా చెయ్యి చాపుతుంది.

వడ్డీ ఒక్కటే అయితే ఫరవాలేదు, ఫ్లాట్ ధర అని మీరు చెప్పిన 62 లక్షల 50 వేలు కూడా అసలు ధర కాదు. ఇంకా కడుతున్న బిల్డింగు కాబట్టి 5 శాతం జీఎస్టీ, అంటే 3 లక్షల 12 వేలు. తెలంగాణలో స్టాంపు డ్యూటీ, బదిలీ సుంకం, రిజిస్ట్రేషన్ ఫీజు కలిపి 7.5 శాతం, అదో 4 లక్షల 69 వేలు (ఆంధ్రాలోనూ కలిపితే అంతే). ఈ స్థాయి ఇళ్లకు బ్యాంకు లెక్కలోకి ఈ స్టాంపు డ్యూటీ, రిజిస్ట్రేషన్ ఖర్చులు రావు, మీ చేతి నుంచే పెట్టుకోవాలి. ఇక్కడే చాలామంది పర్సనల్ లోన్‌కో బంగారం తాకట్టుకో వెళ్తారు, ఇంటి లోన్ 67 పైసలు, ఈ పక్కది చాలాసార్లు రూపాయి దాటుతుంది, రెండూ ఒకే జీతంలోంచి పోతాయి.

ఇంకోటి, దీన్ని ఎవరూ ముందు చెప్పరు. బిల్డింగు పూర్తయ్యేదాకా బ్యాంకు డబ్బు విడతలుగా బిల్డర్‌కు ఇస్తుంది, అప్పటిదాకా మీచేత ప్రీ ఈఎంఐ అని ఇచ్చిన మేరకు వడ్డీ మాత్రమే కట్టించుకునే పద్ధతి ఉంది. ఏడాదిన్నర పట్టిందనుకోండి, సగటున 30 లక్షలు విడుదలై ఉంటే నెలకు 20 వేల చొప్పున 3 లక్షల 60 వేలు కడతారు, అసలులో ఒక్క రూపాయి తగ్గదు. బిల్డర్ ఆలస్యం చేస్తే ఇది సాగుతూనే ఉంటుంది, ఉంటున్న ఇంటి అద్దె కూడా దాని పక్కనే. కాబట్టి కుదిరితే మొదటి నెల నుంచే పూర్తి ఈఎంఐ మొదలుపెట్టమని అడగండి.

అన్నీ కలిపితే మీ 62 లక్షల 50 వేల ఫ్లాట్ 20 ఏళ్లలో దాదాపు కోటీ 24 లక్షలు, 30 ఏళ్లలో కోటీ 56 లక్షలు. కబోర్డులు, ఫ్యాన్లు, అసోసియేషన్ డిపాజిట్, నెలనెలా మెయింటెనెన్స్, ఏటా ఆస్తి పన్ను నేను కలపలేదు, కలిపితే మీరు ఇల్లు కొనడం మానేస్తారేమోనని!

నిజానికి మానక్కర్లేదు. 2045లో కట్టే 41,822 రూపాయలకు ఇప్పటి విలువ ఉండదు, మీ జీతాలు పెరుగుతాయి, అద్దె తప్పుతుంది. కోటీ 24 లక్షలు అన్న అంకెను చూసి భయపడేవాళ్లు ఈ సంగతి మర్చిపోతారు. నా సలహా, 20 ఏళ్లకే పెట్టుకోండి. బోనస్ వచ్చినప్పుడు ఏడాదికి ఒక్క ఈఎంఐ అదనంగా అసలుకు జమ చేస్తూ పోతే 17 ఏళ్లలోపే అయిపోతుంది. కొందరు తెలివిగా "30 ఏళ్లకు పెట్టుకుని 20 ఏళ్ల ఈఎంఐ కట్టుకుంటాం, ఎప్పుడైనా ఇబ్బంది వస్తే తగ్గించుకోవచ్చు" అంటారు. లెక్క ప్రకారం బ్రహ్మాండమైన ఆలోచన. రెండో ఏడు దసరా దాకా అలా కట్టినవాళ్లను మాత్రం నేను చాలా తక్కువ మందిని చూశాను.

ప్రశ్న: విజయవాడలో టీచర్‌ని. 2022 జనవరిలో 40 లక్షలు తీసుకున్నాను, అప్పుడు 7 శాతం, 20 ఏళ్లు, ఈఎంఐ 31,012. మధ్యలో బ్యాంకువాళ్లు ఈఎంఐ 35 వేలు చేశారు. 2025 సెప్టెంబర్ వాయిదా దాకా మొత్తం 14 లక్షల 84 వేలు కట్టాను. స్టేట్‌మెంట్ తీస్తే బాకీ 37 లక్షల 98 వేలు అని ఉంది! 2 లక్షలే తగ్గిందా? ఆ రోజు నుంచి రాత్రిళ్లు నిద్ర పట్టడం లేదు సార్. ఇది బ్యాంకు తప్పా, నా తప్పా?

జవాబు: మాస్టారూ, ఈసారి వచ్చిన వాటిలో ఎక్కువ ఉత్తరాలు మీలాంటివే. మీ స్టేట్‌మెంట్‌ను నేను కూడా నెలనెలా వేసి చూశాను, లెక్క సరిగ్గానే ఉంది. మీరు లోన్ తీసుకున్న సమయం అలాంటిది. కరోనా రోజుల్లో, 2020 మేలో రిజర్వ్ బ్యాంక్ రెపో రేటును (బ్యాంకులకు తాను ఇచ్చే అప్పు మీద వేసే వడ్డీ) 4 శాతానికి దించింది, రెండేళ్లు అక్కడే ఉంది. 2022 మే నుంచి ఎత్తడం మొదలుపెట్టి 2023 ఫిబ్రవరికి 6.5 చేసింది. 2019 అక్టోబర్ నుంచి బ్యాంకులు ఇచ్చే కొత్త ఫ్లోటింగ్ (వడ్డీ మారుతూ ఉండే) ఇంటి లోన్లు రెపో లాంటి బయటి రేటుకు ముడిపడి ఉంటాయి, మూడు నెలలకోసారైనా మారాలి. అందువల్ల అటు రెపో రెండున్నర శాతం పెరిగితే ఇటు మీ 7 శాతం 9.5 అయిపోయింది.

రేటు పెరిగినప్పుడు ఈఎంఐ కదపకుండా గడువు పొడిగించడం బ్యాంకులకు అలవాటు, మనకూ అదే హాయిగా ఉంటుంది, నెల ఖర్చు మారదు కదా. కానీ 2023 ఏప్రిల్ నాటికి మీ బాకీ 39 లక్షల 39 వేలు. 9.5 శాతం చొప్పున దాని మీద నెల వడ్డీ 31,184. మీ ఈఎంఐ 31,012. చూశారా, కట్టే కిస్తీ వడ్డీకే 172 రూపాయలు చాలలేదు! అలాగే వదిలేస్తే బాకీ తగ్గకపోగా పెరుగుతుంది, మన పెద్దవాళ్లు చక్రవడ్డీ అని భయపడింది దీనికే. అందుకే ఈఎంఐ 35 వేలు చేశారు. దానితో కూడా ఆ రోజు లెక్కన ఇంకా 23 ఏళ్ల పైన కట్టాలి. అంటే ఏడాదికి పైగా కట్టాక, తీసుకున్నప్పటి గడువు కన్నా ఎక్కువ మిగిలింది.

తప్పు ఎవరిదంటే, రేటు పెరగడం ఎవరి తప్పూ కాదు. గడువు పెరిగిందని మీకు అర్థమయ్యేలా చెప్పకపోవడం మాత్రం బ్యాంకు తప్పే. ఇలాంటి ఫిర్యాదులు ఎక్కువైనందుకే 2023 ఆగస్టులో రిజర్వ్ బ్యాంక్ ఆదేశం ఇచ్చింది. రేటు మారినప్పుడు ఈఎంఐ పెంచాలా, గడువు పెంచాలా, రెండూ కొంచెం కొంచెమా అన్నది ఎంచుకునే హక్కు మీది. బోర్డు ఆమోదించిన పాలసీ ప్రకారం ఫిక్స్‌డ్ రేటుకు మారే అవకాశమూ ఇవ్వాలని అప్పట్లో ఉండేది, 2025 అక్టోబర్ నుంచి దాన్ని బ్యాంకుల ఇష్టానికి వదిలేశారు. మూడు నెలలకోసారి ఇప్పటిదాకా అసలు ఎంత జమైంది, వడ్డీ ఎంత పోయింది, ఇంకా ఎన్ని వాయిదాలున్నాయో స్టేట్‌మెంట్ ఇవ్వాలి. యాప్‌లో ఎక్కడో ఉంటుంది, మనం చూడం.

ఇక నిద్ర సంగతి. 2025లో రెపో తగ్గింది, జూన్‌కల్లా 5.5కు వచ్చింది, మీ స్టేట్‌మెంట్ నాటికి మీది 8.5 అయి ఉంటుంది. ఇదే 35 వేలు కడితే ఇంకా 207 నెలల పైన, 2043 జనవరి దాకా. ముందు చేయాల్సింది, బ్యాంకు ఈఎంఐ తగ్గిస్తామంటే ఒప్పుకోకండి. రేటు తగ్గిన లాభమంతా గడువులో కలవాలి. రెండోది, బ్రాంచికి వెళ్లి "నా స్ప్రెడ్ ఎంత?" అని అడగండి. రెపో మీద బ్యాంకు వేసుకునే వాటా అది. మీది 3 శాతం, పైన హనుమకొండ వాళ్లకు 8కే ఇస్తున్నారంటే వాళ్లది అర శాతం తక్కువ. కొత్తవాళ్లకు తక్కువ, పాతవాళ్లకు ఎక్కువ, ఇదీ వ్యవహారం. క్రెడిట్ స్కోరు బాగుంటే చిన్న ఫీజు తీసుకుని తగ్గిస్తారు, అర్జీ మీరే పెట్టుకోవాలి. ఆ అర శాతానికే దాదాపు 14 వాయిదాలు, అంటే 4 లక్షల 90 వేల దాకా తగ్గుతాయి. కుదరదంటే వేరే బ్యాంకుకు మారతానని చెప్పండి, చాలాసార్లు ఆ మాటకే ఫైలు కదులుతుంది. నిజంగా మారాల్సి వస్తే మాత్రం కొత్త బ్యాంకు ప్రాసెసింగ్ ఫీజు, లీగల్ ఒపీనియన్, కాగితాలు తనఖా పెట్టిన రిజిస్ట్రేషన్ ఖర్చు మళ్లీ పడతాయి, అవి లెక్కేసుకున్నాకే కదలండి.

మూడోది, ఈఎంఐని మీరే 40 వేలకు పెంచుకోగలరేమో చూడండి. 8 శాతానికి తగ్గి 40 వేలు కడితే 151 వాయిదాల్లో, 2038 ఏప్రిల్‌కల్లా అయిపోతుంది. అంత కుదరకపోతే చేతికొచ్చిన చిట్టీ డబ్బో, పీఆర్‌సీ బకాయిలో అసలుకు కట్టండి. ఇప్పుడు 2 లక్షలు కడితే 8.5 శాతం దగ్గరే దాదాపు 23 వాయిదాలు ఎగిరిపోతాయి, 8 లక్షలు కట్టాల్సిన పని తప్పుతుంది. వ్యక్తులు తీసుకున్న ఫ్లోటింగ్ ఇంటి లోన్ మీద ముందుగా కట్టినందుకు బ్యాంకు ఏ చార్జీ వేయకూడదు, 2012 నుంచి ఉన్న రూలే. కట్టేటప్పుడు "ఈఎంఐ అలాగే ఉంచి గడువు తగ్గించండి" అని కాగితం మీద రాసివ్వండి, లేకపోతే కొన్నిచోట్ల సిస్టమ్ తనంతట తను ఈఎంఐ తగ్గించేస్తుంది. అయితే ఇంట్లో ఆరు నెలల ఖర్చులకు డబ్బు పక్కన పెట్టుకోకుండా ఉన్నదంతా తీసుకెళ్లి కట్టకండి, లోన్‌లో వేసిన డబ్బు ఆస్పత్రి రోజున వెనక్కి రాదు.

ప్రశ్న: లోన్ తొందరగా తీర్చేద్దామంటే మా ఆడిటర్ గారు "పన్ను మినహాయింపు పోతుంది, ఉంచండి" అంటున్నారు. (రాజమండ్రి నుంచి ఒక వ్యాపారి)

జవాబు: ముందు మీరు ఏ పన్ను విధానంలో ఉన్నారో అడగండి. కొత్త విధానంలో సొంతంగా ఉంటున్న ఇంటి లోన్ వడ్డీకి మినహాయింపు లేనే లేదు. పాత విధానంలో అయితే ఏడాదికి 2 లక్షల వడ్డీ దాకా, 30 శాతం శ్లాబులో ఉన్నవాళ్లకు సెస్‌తో కలిపి మహా అయితే 62,400 మిగులుతుంది. 50 లక్షల లోన్‌కు 8 శాతం చొప్పున మొదటి ఏడాది వడ్డీయే 3 లక్షల 96 వేలు. 62 వేల కోసం 4 లక్షలు కట్టడం వ్యాపారమైతే మీరు చేసేవారా? ఆడిటర్ గారి మీద గౌరవంతోనే అంటున్నాను.

ప్రశ్న: లోన్ మంజూరుకు ఇన్సూరెన్స్ తప్పనిసరి అని లక్షన్నర ప్రీమియం లోన్‌లోనే కలిపేశారు. అడిగితే "మీ చేతి నుంచి పైసా పోదు కదా" అన్నారు. నిజమేనా? (కరీంనగర్)

జవాబు: చేతి నుంచి పోదు, 20 ఏళ్ల పాటు ఈఎంఐలోంచి పోతుంది. 8 శాతం చొప్పున లక్షన్నరకు నెలకు 1,255, మొత్తం 3 లక్షలు. లోన్‌కు ఈ పాలసీ తీసుకుని తీరాలని రిజర్వ్ బ్యాంక్ గానీ, ఇన్సూరెన్స్ కంపెనీల మీద అజమాయిషీ చేసే ఐఆర్‌డీఏఐ గానీ చెప్పలేదు. సంపాదించే మనిషికి ఇన్సూరెన్స్ ఉండి తీరాలి, ఆ మాట నేనూ అంటాను, కానీ విడిగా టర్మ్ పాలసీ (గడువులో మనిషి పోతేనే ఇంటివాళ్లకు డబ్బొచ్చేది) తీసుకుంటే ఎక్కువ మొత్తానికి వస్తుంది, బ్యాంకు మారినా మీతోనే ఉంటుంది. ఇలా లోన్‌తో ఇచ్చేవాటిలో చాలావరకు బాకీ తగ్గేకొద్దీ కవర్ కూడా తగ్గిపోతుంది. పాలసీ చేతికొచ్చి ఎన్ని రోజులైందో చూసుకోండి, ఫ్రీ లుక్ గడువులో ఉంటే రద్దు చేసుకోవచ్చు. 2024 అక్టోబర్ నుంచి లోన్ ఇచ్చేముందు కీ ఫ్యాక్ట్ స్టేట్‌మెంట్ అని ఒక కాగితం ఇవ్వాలి, అందులో ఏపీఆర్ అని ఉంటుంది, ఫీజులు, బ్యాంకు ద్వారా వసూలయ్యే ఇలాంటి ప్రీమియంలు కలిపితే మీ అసలు వడ్డీ శాతం అదన్నమాట. ఈసారి ఎవరైనా లోన్ తీసుకుంటుంటే, బ్యానర్ మీద రాసిన రేటు చూడకండి, ఆ కాగితం అడిగి ఏపీఆర్ చూడండి.

ప్రశ్న: మాది తెనాలి. మా అబ్బాయి డల్లాస్‌లో నాలుగున్నర లక్షల డాలర్లకు ఇల్లు కొన్నాడు, 4 లక్షలు లోన్, 30 ఏళ్లు, ఆరున్నర శాతం, వడ్డీ ఎప్పటికీ మారదట. పీఎంఐ అని ఏదో అదనంగా పడుతోంది, అది పోవాలంటే 40 వేల డాలర్లు కట్టాలన్నాడు. ఇక్కడ పొలంలో కొంత అమ్మి పంపుదామా అని ఆలోచన.

జవాబు: అన్నగారూ, వడ్డీ మారదన్నది నిజం. విజయవాడ మాస్టారికి జరిగింది మీ అబ్బాయికి జరగదు. రేట్లు తగ్గితే ఖర్చులు పెట్టుకుని రీఫైనాన్స్ చేసుకోవాలి, అంటే కొత్త లోన్ తీసుకుని పాతది తీర్చేయాలి, పెరిగితే ఆ బాధ బ్యాంకుది. కానీ గడువు 30 ఏళ్లు కాబట్టి మొదటి నెల కట్టే 2,528 డాలర్లలో అసలుకు పోయేది 362 మాత్రమే, మొత్తం వడ్డీ 5 లక్షల 10 వేల డాలర్లు. పైగా టెక్సస్‌లో రాష్ట్ర ఆదాయపు పన్ను లేదు గానీ ఇంటి పన్ను గట్టిగా ఉంటుంది, ఊరిని బట్టి ఇంటి విలువలో ఏటా 2 శాతం దరిదాపుల్లో. లోన్ తీరినా అది తీరదు.

పీఎంఐ అంటే ఇంటి ధరలో 20 శాతం కంటే తక్కువ చేతి డబ్బు పెట్టినవాళ్ల మీద వేసే ఇన్సూరెన్స్. అది కాపాడేది అబ్బాయిని కాదు, అప్పిచ్చినవాణ్ని. బాకీ కొన్న ధరలో 80 శాతానికి, అంటే 3 లక్షల 60 వేలకు దిగితే తీసేయమని అడగొచ్చు. షెడ్యూలు ప్రకారం 78 శాతానికి వచ్చే రోజున వాయిదాలు సక్రమంగా కట్టి ఉంటే వాళ్లే తీసేయాలి, 1998 నాటి చట్టం ఉంది. ఊరికే వాయిదాలు కడుతూ పోతే ఆ 80 శాతానికి రావడానికి ఏడేళ్లు దాటుతుంది, అందుకే అబ్బాయి 40 వేలన్నాడు.

40 వేల డాలర్లంటే ఇక్కడ 35 లక్షల పైమాటే. ఇంకో సంగతి, కొడుక్కి బహుమతిగా విదేశాలకు పంపినా ఏడాదిలో 10 లక్షలు దాటిన మొత్తం మీద బ్యాంకు 20 శాతం టీసీఎస్ అని ముందస్తు పన్ను పట్టుకుంటుంది. రిటర్ను వేస్తే తిరిగొస్తుంది గానీ అప్పటిదాకా ఆ డబ్బు మీది కాదు. పొలం బేరం పెట్టేముందు అబ్బాయికి ఫోన్ చేసి ఆ పీఎంఐ నెలకు ఎన్ని డాలర్లు పడుతోందో కనుక్కోండి. ఆ అంకెతో మళ్లీ ఉత్తరం రాస్తే పొలం కౌలుతో పక్కపక్కన పెట్టి లెక్క వేద్దాం.